ఏడువేల మెట్ల పైన మౌనం: స్కైరిమ్‌లోని వాక్కు మార్గంపై సమీక్ష

స్కైరిమ్ అనే వీడియో ఆట మొదలయ్యేది ఒక గుర్రబ్బండిలో. చేతులు కట్టేసిన నలుగురు ఖైదీలను కొండదారి వెంట మరణశిక్షకు తీసుకుపోతుంటారు. ఆ నలుగురిలో ఆటగాడు ఒకడు. మిగిలినవారు ఏదో ఒకటి మాట్లాడుతూ ఉంటే, ఉల్ఫ్రిక్ స్టార్మ్‌క్లోక్ అనే నాయకుడు మాత్రం ఒక్క మాట కూడా పలకడు, ఎందుకంటే అతని నోటికి గుడ్డ కట్టి ఉంటుంది. మొదటిసారి ఆడినప్పుడు దీన్ని నేను మామూలు క్రూరత్వం కిందే జమకట్టాను. ఆ నోరు ఎందుకు కట్టవలసి వచ్చిందో అర్థం కావడానికి నాకు దాదాపు పాతిక గంటల ఆట పట్టింది. అతను చిన్నతనంలో ఒక పర్వత మఠానికి ఎంపికై, పదేళ్లకు దగ్గరగా అక్కడ సాధన చేసి, మధ్యలో కొండ దిగి యుద్ధానికి వెళ్లిపోయినవాడు. అక్కడ నేర్పే విద్యలో ఆయుధం నోరే. ఈ సమీక్ష ఆ మఠం గురించి, ఆ విద్య గురించి.

టాడ్ హోవర్డ్ దర్శకత్వంలో బెథెస్డా గేమ్ స్టూడియోస్ రూపొందించిన 'ది ఎల్డర్ స్క్రోల్స్ 5: స్కైరిమ్' 2011 నవంబరు 11న విడుదలైంది. 2016లో దృశ్యాలకు మెరుగులు దిద్దిన స్పెషల్ ఎడిషన్, మొదటి విడుదలకు సరిగ్గా పదేళ్లు నిండిన రోజున యానివర్సరీ ఎడిషన్ వచ్చాయి. కత్తియుద్ధాల గురించి, డ్రాగన్ల గురించి, ఈ ఆటలోని విశాలమైన భూభాగం గురించి ఈపాటికే రాయవలసినదంతా రాశారు గనుక ఆ జోలికి నేను పోను. నా ఆసక్తి వేరు. మా మేనల్లుడు తన పాత కంప్యూటర్‌ను నాకు అంటగట్టినప్పుడు ఈ ఆట కూడా అందులోనే వచ్చింది. అంతకు రెండేళ్ల ముందు నేను హైదరాబాదులో నాగార్జునసాగర్ రోడ్డు మీద ఉన్న ధమ్మఖేత్తలో పది రోజుల విపశ్యన శిబిరంలో కూర్చుని వచ్చాను. తొలి మూడు రోజులూ ముక్కు దగ్గర ఊపిరిని గమనించడం తప్ప మరో పని లేకుండా, పక్కవాడితో మాట గాని సైగ గాని లేకుండా గడపడమంటే ఏమిటో తెలిసినవాడిని. అందువల్ల ఒక కల్పిత లోకంలో మౌనం మీద నిలబడిన ధ్యాన సంప్రదాయం ఉందని తెలిసినప్పుడు, అది ఎంతవరకు నిజం పలుకుతుందో పరీక్షించాలనిపించింది.

ఆ సంప్రదాయాన్ని ఆటలో 'వే ఆఫ్ ద వాయిస్' అంటారు; నేను వాక్కు మార్గం అంటాను. దానిని అనుసరించేవారు గ్రేబియర్డులు, అంటే నెరిసిన గడ్డాల పెద్దలు. ఆ లోకంలో డ్రాగన్ల భాషకు మాట, పని అనే తేడా లేదు. డ్రాగన్ 'అగ్ని' అంటే నిప్పు పుడుతుంది; రెండు డ్రాగన్లు పోట్లాడుకోవడం కూడా నిజానికి ఒక వాగ్వాదమే. మనుషులు ఆ పలుకును, అంటే 'థూమ్'ను, ఏళ్ల తరబడి సాధన చేస్తే తప్ప అందుకోలేరు. ఇంగ్లీషు సమీక్షకులు దీనిని వివరించడానికి పుటలు ఖర్చు చేయవలసి వచ్చింది గాని, తెలుగు పాఠకుడికి వాక్సిద్ధి అనే ఒక్క మాట చాలు. శాపానుగ్రహ సమర్థులైన మునుల కథలు వింటూ పెరిగిన మనకు, నోటి మాటతో మనిషి ఎగిరి పడటం వింతేమీ కాదు. ఒక పదాన్ని ఉచ్చరించడం వేరు, దాని అర్థాన్ని లోపలికి తీసుకోవడం వేరు అని గ్రేబియర్డులు పదే పదే చెబుతారు. వైఖరికి వెనుక మధ్యమ, దానికి వెనుక పశ్యంతి, అన్నిటికీ మూలంగా పరా ఉన్నాయని మన వాళ్లు వాక్కుకు నాలుగు స్థితులు చెప్పారు గదా. ఒకే పదం మీద ఏళ్ల తరబడి కూర్చునే ఈ పెద్దలు వైఖరి నుంచి వెనక్కి నడుస్తున్నవాళ్లలా నాకు కనిపించారు. ఆట తయారుచేసినవారు మన శాస్త్రాలు చూసి రాశారని నేననను. ఆ సామ్యం నా కళ్లజోడుది.

మఠం పేరు హై హ్రోత్‌గార్. అది ఉన్న పర్వతం పేరు 'థ్రోట్ ఆఫ్ ద వరల్డ్', లోకకంఠం. కొండ కింద ఐవర్‌స్టెడ్ అనే చిన్న ఊరు, అక్కడి నుంచి పైకి ఏడువేల మెట్లు. అలిపిరి నుంచి తిరుమలకు 3,550 మెట్లు గనుక, పేరులో చెప్పిన లెక్క ప్రకారం ఇది దాదాపు రెట్టింపు. నిజంగా లెక్కపెడితే మాత్రం తెరమీద వెయ్యి మెట్లు కూడా తేలవు. ఆ సంగతి నన్ను బాధించలేదు, ఎందుకంటే ఎక్కడం ఎలా ఉండాలో ఆటకు తెలుసు. దారి మలుపు తిరిగిన ప్రతిసారీ ఊరు ఇంకాస్త చిన్నదవుతుంది, చెట్లు పలచబడతాయి, గాలి హోరు పెరుగుతుంది, జెరెమీ సోల్ సంగీతం ఎప్పుడు ఆగిపోయిందో కూడా తెలియకుండా ఆగిపోతుంది. మోకాళ్ల పర్వతం దగ్గర జనం ఎలా మాటలు తగ్గించి మెట్లు చూసుకుంటూ నడుస్తారో, ఇక్కడ కూడా ఒక ఎత్తు దాటాక ఆటగాడికి అదే స్థితి వస్తుంది. నాకైతే ఒక మంచు భూతం ఎదురై, రెండు దెబ్బలకు నన్ను లోయలోకి పంపించింది. "మామయ్యా, దానితో పెట్టుకోకు, పక్కనుంచి పరిగెత్తు" అని మా మేనల్లుడు ఫోనులో సలహా ఇచ్చాడు. మూడోసారి ఆ సలహా పాటించాను.

ఎక్కే ముందు ఊళ్లో క్లిమ్మెక్ అనే మనిషిని పలకరించడం మరచిపోవద్దని చదువరులకు నా మనవి. మఠానికి ఎండుచేపలు, ఉప్పు వేసిన మాంసం మోసుకుపోయి ఇచ్చేది అతనే. ఈసారి కాళ్లు సహకరించడం లేదని, ఆ మూట మీరు పట్టుకెళ్లగలరా అని అడుగుతాడు. మూట తీసుకుంటే పైన మఠం ముందున్న పెట్టెలో దాన్ని పెట్టాలి. ఎవరూ బయటికి వచ్చి తీసుకోరు, ఎవరూ ధన్యవాదం చెప్పరు. ఆటలో ఇది చాలా చిన్న పని, దానికి దొరికే ప్రతిఫలం కూడా చిన్నదే. అయితే లోకానికి దూరంగా కూర్చున్నవారి కడుపు కూడా ఎవరో ఒకరి భుజం మీదనే నిండుతుందన్న సంగతిని ధ్యానం గురించిన కథలు చాలా మటుకు ఎగరగొట్టేస్తాయి. ధమ్మఖేత్తలో ఉదయం ఆరున్నరకు ఫలహారం గంట మోగినప్పుడు వడ్డించడానికి నిలబడిన పాత సాధకులు నాకు ఇక్కడ గుర్తుకు వచ్చారు.

మెట్ల పక్కన అక్కడక్కడా పది శాసనశిలలు ఉంటాయి. వాటిలో చెక్కినది ఈ సంప్రదాయపు స్థలపురాణం. మనుషులు పుట్టకముందు డ్రాగన్లు లోకాన్ని ఏలడం, మనుషుల మీద జాలిపడిన పార్థర్నాక్స్ అనే డ్రాగన్ కైన్ దేవత కోరిక మీద వారికి వాక్కును నేర్పడం, ఆ వాక్కుతో మనుషులు డ్రాగన్లను గెలిచి తరువాత కత్తితో, వాక్కుతో తొలి సామ్రాజ్యాన్ని స్థాపించడం మొదటి ఆరు శిలల కథ. నన్ను నిలబెట్టినవి ఏడు, ఎనిమిది శిలలు. రెడ్ మౌంటెన్ యుద్ధంలో మహా వాక్కు వీరులందరూ ఓడిపోయి తలవంచుకుని తిరిగి వస్తారు. వారిలో ఒకడైన యుర్గెన్ విండ్‌కాలర్, ఇంతటి బలమైన వాక్కు ఎలా విఫలమైందో తెలుసుకోవడానికి ఏడేళ్లు ధ్యానంలో కూర్చుంటాడు. లేచినప్పుడు అతను ఎంచుకున్నది మౌనం. వాదానికి వచ్చిన పదిహేడుగురు తమ అరుపులన్నీ అతని మీద ప్రయోగించి కూడా అతన్ని కదిలించలేకపోతారు. హై హ్రోత్‌గార్‌ను కట్టింది ఈ మనిషే. ఓటమి ఎందుకు వచ్చిందన్న ప్రశ్నతో ఒక ధ్యాన మార్గం మొదలుకావడం, ఆ ప్రశ్నకు ఇంకా పెద్ద ఆయుధం జవాబు కాకపోవడం నాకు నచ్చాయి. వసిష్ఠుడి బ్రహ్మదండం ముందు అస్త్రాలన్నీ వృథా అయిన విశ్వామిత్రుడు తపస్సుకు కూర్చున్నది కూడా ఓడిన తరువాతే. కాకపోతే అతను మొదట కోరుకున్నది గెలిచినవాడి స్థాయి; యుర్గెన్ ఆ ఆటనే వదిలేశాడు.

మఠం లోపల చీకటి. నల్లరాతి గోడలు, ఇరుకు కిటికీలు, గడ్డి పరచిన రాతి పడకలు. నలుగురే పెద్దలు ఉంటారు: ఆర్న్‌గేర్, బోరి, ఐనార్త్, వుల్ఫ్‌గార్. వారిలో నోరు తెరిచి మాట్లాడేది ఆర్న్‌గేర్ ఒక్కడే, ఎందుకంటే మిగిలిన ముగ్గురి గుసగుస కూడా వినేవాడికి ప్రమాదం. వారు మన పాత్రను పేరు పెట్టి మెల్లగా పిలిస్తే చాలు, తెర వణుకుతుంది, పైకప్పు నుంచి దుమ్ము రాలుతుంది. బలం ఎక్కువైనందువల్ల మాట్లాడకపోవడం అనే ఈ ఊహ అందంగా ఉంది. మన దగ్గర మౌనవ్రతం అంటే సాధారణంగా నోటికి వేసుకునే కళ్లెం. ఇక్కడ అది ఎదుటివాడిని కాపాడే కట్ట. ఆర్న్‌గేర్‌కు క్రిస్టఫర్ ప్లమ్మర్ గొంతు ఇచ్చారు. ఆయన ఎక్కడా గొంతు పెంచకుండా, ఒక్కొక్క వాక్యం తరువాత చిన్న విరామం ఇస్తూ చెప్పే తీరు వింటే, మిగిలిన ముగ్గురి మౌనం కూడా ఆ విరామాల్లోనే వినిపిస్తుంది.

ఇక దోషాల సంగతి. ఈ మఠానికి మనం వెళ్లేది శిష్యులుగా కాదు. ఆటగాడి పాత్ర 'డ్రాగన్‌బోర్న్', అంటే మనిషి దేహంలో డ్రాగన్ ఆత్మతో పుట్టినవాడు. ఐనార్త్ నేల మీదికి ఒక పదం పలుకుతాడు, ఆ అక్షరాలు రాతి మీద మండుతూ తేలుతాయి, ఆ పదం గురించి అతనికి తెలిసినదంతా మనలోకి ప్రవహిస్తుంది. ఇతరులకు ఏళ్లు పట్టేది మనకు పది సెకన్లలో అయిపోతుంది. ఆ తరువాత బోరి ఇంకొక పదం ఇస్తాడు, వుల్ఫ్‌గార్ దాన్ని వాడి చూపిస్తాడు, మనం కూడా అలాగే దూకి చూపిస్తే పరీక్ష పూర్తవుతుంది. ఇక మిగిలిన పదాలకు చంపిన డ్రాగన్ల ఆత్మలే మూల్యం. ఆర్న్‌గేర్ కూడా ఈ వరం గురించి ఆశ్చర్యపోతాడు గనుక రచయితలకు ఈ వైరుధ్యం తెలియదని అనలేను. అయినా నష్టం నష్టమే. సాధన అంటే ఏమిటో చెప్పే మఠానికి సాధన అవసరం లేని మనిషిని పంపించారు. నేను వారి పక్కన కాసేపు కూర్చోవాలనుకున్నాను. వారు కిటికీల ముందు మోకరిల్లి ధ్యానం చేస్తుంటే, అదే భంగిమలో కూర్చునే వీలు ఆటగాడికి ఎక్కడా లేదు. చివరికి దొంగచాటుగా నడవడానికి ఇచ్చిన మీట నొక్కి వంగి కూర్చున్నాను. వుల్ఫ్‌గార్ పక్కన కూర్చున్న సాధకుడిలా కాక, అతని జేబు కొట్టడానికి వచ్చినవాడిలా ఉన్నాను.

ధ్యానం అనే మాట ఆటగాడికి నేరుగా దక్కేది ఒక్కచోటే. పర్వత శిఖరం మీద ఉండే పార్థర్నాక్స్ దగ్గరికి వెళ్లి, ఏ పదం మీద ధ్యానం చేయాలో అడగవచ్చు. అతను మూడు పదాలు చెబుతాడు. బలం అనే అర్థమున్న 'ఫుస్' ఎంచుకుంటే మనం దెబ్బలకు తూలడం 25 శాతం తగ్గి, శత్రువులు తూలడం 25 శాతం పెరుగుతుంది. 'ఫైమ్' ఎంచుకుంటే, వాక్కు బలంతో ఛాయారూపంలో ఉన్నంతసేపు ఆరోగ్యం 25 శాతం వేగంగా పుంజుకుంటుంది. అగ్ని అనే 'యోల్' ఎంచుకుంటే నిప్పు పలుకు మరో 25 శాతం ఎక్కువ కాలుస్తుంది. ఎంచుకోవడంతోనే ధ్యానం అయిపోయినట్టు. పతంజలి యోగసూత్రాల్లో విభూతి పాదం సిద్ధులను ఒక పక్క వర్ణిస్తూనే, అవి సమాధికి అడ్డంకులని హెచ్చరిస్తుంది. ఇక్కడ హెచ్చరిక కథలో ఉంది, సిద్ధి మెనూలో ఉంది. మెనూ చేతికి దగ్గర. ముఖ్యకథ ముందుకు సాగాక ఆర్న్‌గేర్ దగ్గరికి వెళ్తే, కొత్త పదాలు ఏ గుహలో దొరుకుతాయో చెప్పి పంపిస్తూ ఉంటాడు. అంతటి మఠం బస్‌స్టాండులోని విచారణ కౌంటరుగా మారిపోవడం చూస్తే కొంచెం మనసు చివుక్కుమంది.

అయితే ఒక్క చోట మాత్రం ఆట నియమం, మఠం చెప్పే నియమం ఒకే మాట పలుకుతాయి. ప్రతి వాక్కులోనూ మూడు పదాలుంటాయి. శత్రువును ఎగరగొట్టే పలుకులో ఒక్క పదం పలికితే మళ్లీ పలకడానికి 15 సెకన్లు ఆగాలి, రెండు పదాలకు 20, మూడింటికీ 45. ఎంత ఎక్కువ పలికితే అంత ఎక్కువసేపు మౌనం. ఆ 45 సెకన్లలో గుంపు చుట్టుముడితే, తొందరపడి మూడు పదాలూ ఖర్చు చేసినందుకు నోరు కరుచుకోవలసిందే. శిలాశాసనాల్లో చివరిదైన పదో శిల, నిజమైన అవసరం ఉంటేనే పలకమని చెబుతుంది. అది చదివి 'సరేలే' అనుకున్న ఆటగాడికి ఆ సంగతిని అర్థమయ్యేట్టు చెప్పేది ఈ సెకన్ల లెక్కే. ఈ విరామాన్ని తగ్గించుకోవడానికి టాలోస్ అనే దేవుడి తాయెత్తు ఉంది, అది మెడలో వేసుకుంటే 20 శాతం తగ్గుతుంది. మా మేనల్లుడు ఆట మొదటి రోజే దాన్ని సంపాదించాడట. నాకు ఒక పట్టణంలో దొరికింది గాని ఇంట్లో పెట్టెలో దాచేశాను.

ఈ మఠం కథలో నాకు అన్నిటికంటే నచ్చిన ఘట్టం, ఒక ధ్యాని కోపం తెచ్చుకున్న ఘట్టం. ముఖ్యకథలో ఒక దశలో, డ్రాగన్‌ను ఆకాశం నుంచి కిందికి లాగే ఒక వాక్కు కావాలని ఆర్న్‌గేర్‌ను అడగవలసి వస్తుంది. ఆ వాక్కు పుట్టింది ద్వేషం నుంచి. డ్రాగన్ల కింద నలిగిపోయిన మనుషులు తమ కసినంతా పోసి చేసిన పదాలవి. అది నేర్చుకోవడమంటే ఆ కసిని లోపలికి తీసుకోవడమే. ఆర్న్‌గేర్ మండిపడతాడు. జ్ఞాన మార్గానికి తిరిగి వచ్చేవరకు సాయం చేసేది లేదని ముఖం తిప్పుకుంటాడు. అప్పుడు, అంతవరకు పక్కన నిశ్శబ్దంగా నిలబడిన ఐనార్త్, డ్రాగన్ల భాషలో రెండే వాక్యాలు పలుకుతాడు. మఠమంతా కంపిస్తుంది. ఆర్న్‌గేర్ ఆగి, వెనక్కి తిరిగి, తాను అదుపు తప్పానని ఒప్పుకుని క్షమించమంటాడు. నలుగురిలో మాట్లాడడానికి అనుమతి ఉన్నవాడే జారిపోయాడు. మాట్లాడనివాడు తన మౌనాన్ని ఖర్చు చేసి అతన్ని సరిదిద్దాడు. ఏ ఆశ్రమంలోనైనా కొన్నాళ్లు మసలినవారికి ఇది కల్పితంగా తోచదు. ఈ దృశ్యాన్ని తొందరలో మీట నొక్కి దాటేయవద్దు.

పార్థర్నాక్స్ గురించి కొంచెం ఎక్కువ రాస్తే పాఠకులు మన్నించాలి. డ్రాగన్ల భాషలో అతని పేరుకు మహత్త్వాకాంక్ష, అధిపతి, క్రూరత్వం అనే మూడు మాటల అర్థం. ఒకప్పుడు లోకభక్షకుడైన ఆల్డుయిన్ అనే డ్రాగన్‌కు కుడిభుజంగా ఉండి మనుషులను పీడించినవాడు. తిరుగుబాటులో మనుషుల పక్షం వహించి, ఆ తరువాత వేల ఏళ్లుగా శిఖరం మీద ఒంటరిగా కూర్చుని తన పుట్టుకలోని పెత్తనపు కోరికను ధ్యానంతో అణచుకుంటున్నాడు. గ్రేబియర్డుల గురువు అతనే. అతన్ని చేరాలంటే దేహాన్ని కొరికే మంచు తుపానును 'లోక్ వా కూర్' అనే పలుకుతో విడగొట్టుకుంటూ ఎక్కాలి. ఆగిన ప్రతిసారీ మంచు మళ్లీ కమ్ముకుంటుంది. పైన చిరిగిన రెక్కలతో, విరిగిన కొమ్ముతో ఒక ముసలి డ్రాగన్ కబుర్లకు సిద్ధంగా ఉంటాడు. తన కోరిక ఇంకా పోలేదని, ఏ రోజుకు ఆ రోజు దాన్ని గెలవవలసిందేనని దాచకుండా చెబుతాడు. మన వాల్మీకి కథలో పుట్ట పగిలాక బోయవాడు మళ్లీ కనిపించడు. ఇక్కడ బోయవాడు పుట్టలోనే ఉన్నాడు, ఆ సంగతి ఋషికి తెలుసు. ఈ పాత్రకు గొంతు ఇచ్చింది ఛార్ల్స్ మార్టినెట్. మారియో ఆటల్లో గంతులు వేస్తూ కేరింతలు కొట్టే ఆ మీసాల మనిషి గొంతు కూడా 2023 వరకు ఆయనదే అని తెలిసి, నేను రెండింటినీ పక్కపక్కన పెట్టి విన్నాను. అయినా నమ్మకం కుదరలేదు.

తరువాత 'బ్లేడ్స్' అనే డ్రాగన్ వేటగాళ్ల దళం వచ్చి, పాత నేరాలకు శిక్షగా అతన్ని చంపమంటుంది. చంపేవరకు తమ సాయం అందదంటుంది. చంపితే ఆర్న్‌గేర్ మనతో తెగతెంపులు చేసుకుంటాడు. ప్రశ్న బరువైనదే, వేల ఏళ్ల ప్రాయశ్చిత్తం పాత హత్యలకు చెల్లుతుందా అన్నది ఎవరూ తేలికగా తీర్చలేరు. కాని 'చంపను' అని గట్టిగా చెప్పి ఆ వ్యవహారాన్ని ముగించే దారి ఆటలో లేదు. నేను చంపలేదు. ఫలితంగా, చేయవలసిన పనుల పట్టికలో ఆ హత్య ఇప్పటికీ ఒక బకాయిలా వేలాడుతోంది. పట్టిక తెరిచినప్పుడల్లా అది కనిపిస్తుంది. మొదట చిరాకు వేసింది గాని, క్రమంగా దాన్ని నా నియమంలో భాగం చేసుకున్నాను.

నియమం అని ఎందుకన్నానంటే, రెండోసారి ఆడేటప్పుడు పదో శిల మాటను అక్షరాలా పాటించి చూడాలనుకున్నాను. ప్రాణం మీదికి వస్తే తప్ప వాక్కు వాడకూడదు. కథ కొన్నిచోట్ల తప్పనిసరిగా పలికిస్తుంది: మఠంలో పరీక్షలు, యుర్గెన్ సమాధి ఉన్న ఉస్టెన్‌గ్రావ్‌లో వెంటవెంటనే మూసుకుపోయే మూడు ఇనుప తలుపులు, శిఖరం దారిలోని మంచు, ఆల్డుయిన్‌తో పోరు. ఇవి కాక నా ఇష్టంతో పలికినవి మొత్తం ఆటలో పదకొండు. డ్రాగన్లతో విల్లు పట్టుకుని గంటల తరబడి తిప్పలు పడ్డాను. అయితే ఆట రంగు పూర్తిగా మారిపోయింది. ఇదివరకు వంతెన మీద ఎదురైన ప్రతి దొంగనూ సరదాకు ఎగరగొట్టినవాడిని, ఇప్పుడు అతని చేతిలో ఏముందో, పక్కకు తప్పుకునే దారి ఉందో లేదో చూడటం మొదలుపెట్టాను. మొదటిసారి ఆడినప్పుడు ఒక పట్టణంలో కోడిని బెదిరించడానికి పలికితే కాపలా భటుడు వచ్చి, జనం భయపడుతున్నారు, అరవడం మానమన్నాడు. ఈసారి ఆ భటుడు రాలేదు. ఉల్ఫ్రిక్ గురించిన వాదం కూడా అప్పుడే తలకెక్కింది. అతను రాజును ద్వంద్వయుద్ధంలో వాక్కుతో పడగొట్టి, ఆపై కత్తితో చంపాడు. సంప్రదాయబద్ధంగానే గెలిచానని చెప్పుకుంటాడు. పదకొండు పలుకులు లెక్కపెట్టుకున్నవాడికి ఆ వాదన ఎలా వినిపిస్తుందో చెప్పనక్కరలేదు.

కొనదలచినవారికి కొన్ని మాటలు. తెలుగులో గాని, మరే భారతీయ భాషలో గాని ఈ ఆట లేదు; శాసనాలు, పుస్తకాలు చదవడానికి ఓ మోస్తరు ఇంగ్లీషు అవసరం. వాక్కు మార్గం కథంతా మూల ఆటలోనే ఉంది కాబట్టి, దానికోసం యానివర్సరీ ఎడిషన్ అదనపు సరుకు కొనవలసిన పని లేదు, స్పెషల్ ఎడిషన్ సరిపోతుంది. హింస, తలలు తెగడం ఉన్నాయి గనుక చిన్నపిల్లలకు తగదు. మనసు కుదుటపడటానికి ధ్యానపు యాప్‌లాంటిది వెతుక్కుంటున్నవారికి ఇది ఆ వస్తువు కాదు. సాధన, సిద్ధి, మౌనం అనే మూడింటి మధ్య తగాదాను ఒక కథలో నడిచి చూడాలనుకునేవారు మాత్రం తప్పక ఆడాలి. ముఖ్యకథలో మఠం పిలుపు వచ్చేవరకు ఆగకుండా ముందే ఒకసారి ఉత్త యాత్రికుడిలా మెట్లెక్కితే ఇంకా బాగుంటుంది. పైన తలుపు దగ్గర అయ్యే పని ఏమీ ఉండదు, అదే దాని రుచి.

పది శిలలనూ చదివినవారికి ఒక చిన్న వరం దక్కుతుంది. దాని పేరు 'వాయిస్ ఆఫ్ ద స్కై', ఆకాశవాణి. ఒక రోజు పాటు జంతువులేవీ మీద పడవు, చూసి పారిపోవు కూడా. ఆట గడియారం మన గడియారం కంటే ఇరవై రెట్లు వేగంగా తిరుగుతుంది కాబట్టి, ఆ ఒక రోజు మనకు 72 నిమిషాలు. శత్రువులు దగ్గర లేనప్పుడు ఒక మీట నొక్కి 24 గంటలను కొన్ని క్షణాల్లో గడిపేసే వీలు ఆటలో ఉంది, దాన్ని ముట్టుకోకుండా కూర్చోవాలని నిశ్చయించుకున్నాను. ఏడో శిల దగ్గరికి దిగి వచ్చి, అంచున నిలబడి, కంట్రోలర్ బల్ల మీద పెట్టేశాను. సాయంత్రమైంది, చుక్కలు వచ్చాయి, ఉత్తర దిక్కున పచ్చని వెలుగు తెరలు ఊగాయి, మళ్లీ తెల్లవారింది. మంచులో ఒక కొండమేక మెట్లెక్కి వచ్చి, మూరెడు దూరంలో నిలబడి, నన్ను పట్టించుకోకుండా మెడ వంచి ఏదో వెతుక్కోసాగింది. వెనుక నుంచి మా మేనల్లుడి గొంతు వినిపించింది: "ఏంటి మామయ్యా, గేమ్ హ్యాంగ్ అయిందా?" కాలేదని చెప్పి, ఇంకో పది నిమిషాలు ఆగమన్నాను.